ట్రాక్ గొంతు

కోకాపేట,
జూన్ 9.

ఒసేయ్ సౌజన్యా,

కాగితం మీద నా రాత చూసి ముందు నవ్వుకో, తర్వాత చదువు. పదో తరగతి అయ్యాక నేను రాస్తున్న మొదటి ఉత్తరం ఇది. తెచ్చిచ్చిన ఆయన పేరు రాజేందర్. మా సినిమా కంపెనీ వ్యాన్ నడుపుతాడు. ఇల్లు నిజాంపేటలో, మీ ప్రగతి నగర్ చెరువు పక్క నుంచే రోజూ పోతాడు. "ఈ కాలంల చిట్టీలు రాసేటోళ్ళు ఎవలున్నరు మేడమ్?" అని ఆశ్చర్యపోయాడు గానీ కాదనలేదు. నీ జవాబు కూడా ఆయనకే ఇవ్వు.

ఫోన్ చేయొచ్చు కదా అంటావు. నా ఫోన్ నా దగ్గర లేదు. సినిమా విడుదలయ్యేదాకా అది ఆదర్శ్ అనే పబ్లిసిటీ మేనేజర్ దగ్గర ఉంటుంది. నా పేరుతో ఫొటోలు పెట్టేదీ, నా వాట్సాప్‌కి జవాబులిచ్చేదీ అతనే. మొన్న నీ పుట్టినరోజుకి ఒక కేక్ బొమ్మ, మూడు గుండెలు వచ్చాయి చూశావూ, అవి నావి కావు. నేనైతే నిన్ను తిట్టేదాన్ని.

సంగతేమిటంటే, నేను హీరోయిన్‌ని అయ్యాను. ఎనిమిదేళ్ళు మన 'గుట్ట' బ్యాండ్‌తో గచ్చిబౌలి పబ్బుల్లో, ఐటీ కంపెనీల ఫ్యామిలీ డేలలో గొంతు చించుకున్నాను. ప్రతిచోటా ఎవరో ఒక హెచ్.ఆర్. వచ్చి సౌండ్ తగ్గించమనేవాళ్ళే. బిర్యానీ ప్రకటనలో ఆరు సెకన్లు కనిపించాను. వెబ్ సిరీస్‌లో హీరో చెల్లెలి స్నేహితురాలిగా తలుపు తీశాను. ఇప్పుడు ఏకంగా రాక్ సింగర్ కథ, ఆ సింగర్ నేనే. పాటలన్నీ నా గొంతుతోనే ఉండాలని ఒప్పందంలో రాయించుకున్నాను. నేనడిగింది అదొక్కటే.

ఇక అసలు విషయం. ఇది నీకు తప్ప ఎవరికీ తెలియకూడదు. నా గొంతు పోయింది.

ఏప్రిల్‌లో మాదాపూర్ షోలో చివరి పాట మధ్యలో ఏదో తెగినట్టయింది. తెల్లారి చూస్తే గాలి తప్ప ఏమీ రాలేదు. స్వరతంత్రుల మీద రెండు కాయలు కాశాయన్నాడు డాక్టర్. ఆరు నెలలు పాట బంద్, మొదటి రెండు నెలలు మాట కూడా బంద్. గుసగుస అసలే వద్దు, దగ్గొచ్చినా మింగెయ్ అన్నాడు. ఈల వేయొచ్చా అని కాగితం మీద రాసి చూపిస్తే నవ్వి, సరే అన్నాడు. షో మొదలయ్యేముందు వేసేదాన్ని కదా, రెండు వేళ్ళ ఈల, ఇప్పుడు దాంతో రాజేందర్‌ని పిలుస్తున్నాను.

సెట్లో ఇంకా ఎవరికీ తెలియదు. పాత్ర కోసం మౌనవ్రతం పట్టానని చెప్పించాను, దర్శకుడు మురిసిపోయాడు. మాటలు ఎలాగూ తర్వాత డబ్బింగ్‌లో చెప్పేవే. చిక్కంతా పాటలతో. షూటింగ్‌కి ముందు ఎవరో ఒకరు తాత్కాలికంగా పాడాలి, దాన్ని ట్రాక్ అంటారు. అది వేసి మేము పెదాలు కదుపుతాం. తర్వాత అసలు గాయకులొచ్చి పాడతారు, ట్రాక్ చెరిపేస్తారు. ట్రాక్ కూడా నన్నే పాడమన్నారు. 'నా ఫీల్ అంతా ఫైనల్‌కే దాచుకుంటాను' అని రాసి చూపించాను. సంగీత దర్శకుడు అది చదివి, నిజమైన ఆర్టిస్ట్ అంటే ఇలా ఉండాలి అన్నాడట! ఇప్పుడు ట్రాక్ పాడే మనిషి కోసం వెతుకుతున్నారు. అసలు రికార్డింగ్ అక్టోబర్‌లో. అప్పటికి నా గొంతు రావాలి.

వస్తుందా? వస్తుందని రాయి. నీకు తెలియకపోయినా వస్తుందనే రాయి.

నీ మూగ
స్రవంతి

*

ప్రగతి నగర్,
జూన్ 12.

స్రవంతీ,

వస్తుంది. అడిగావు కాబట్టి ముందు అది రాసేశాను.

నీ ఉత్తరం అందుకున్నది మా అత్తమ్మ. కవరు అటూ ఇటూ తిప్పి, "ఎవురు పాపా, ఈ కాలంలో జాబు రాసింది? కోర్టు నోటీసు గాదు గదా?" అని కంగారు పడింది. ధర్మవరంలో ఆవిడకి కవరు వచ్చిందంటే ఎవరో పోయినట్టో, పొలం తగాదా ముదిరినట్టో. స్నేహితురాలు రాసిందంటే నమ్మలేదు. మా ఆయన శివశంకర్ మాత్రం "సినిమావాళ్ళు కదా, అంతే" అని లాప్‌టాప్‌లోకి వెళ్ళిపోయాడు. ఇంట్లో నేను బ్యాండ్‌లో ఉండేదాన్నని తెలుసు గానీ, అదేదో పెళ్ళికి ముందు కరాటే నేర్చుకున్నట్టు అనుకుంటారు. నేనూ దిద్దలేదు.

నువ్వు రాసింది నాలుగుసార్లు చదివాను. కాయలంటే ఏమిటో, ఎన్నాళ్ళకి కరుగుతాయో అన్నీ వెతికాను. టెస్టింగ్ ఉద్యోగం చేసేదాన్ని, తప్పు ఎక్కడుందో వెతకడం తప్ప నాకేం వచ్చు? నీ విషయంలో తప్పు స్పష్టంగా ఉంది. తలనొప్పి ఉన్నా, జలుబు ఉన్నా రెండు గంటలు అరిచేదానివి. నేను రెండో గొంతు పాడుతూ పక్కనే నిలబడి ఎన్నిసార్లు చెప్పాను? ఇప్పుడు తిట్టి ఏం లాభం. నీళ్ళు తాగు. ఆవిరి పట్టు. నవ్వకు కూడా, నీ నవ్వు కూడా అరుపే.

రహస్యం నా దగ్గర ఉంటుంది. రాజేందర్ అన్న కాఫీ వద్దన్నాడు, మజ్జిగ తాగాడు.

సౌజన్య

*

ప్రగతి నగర్,
జూన్ 26.

స్రవంతీ,

ఇది ఎలా మొదలుపెట్టాలో తెలియడం లేదు. పోయిన వారం మీ ఆదర్శ్ ఫోన్ చేశాడు. నీ ఫోన్‌లో 'గుట్ట సౌజన్య' అని నా పేరు, దాని కింద మన పాత రిహార్సల్ రికార్డింగులు దొరికాయట. "మేడమ్, మీ వాయిస్ వింటే స్రవంతి మేడమ్ పాడుతున్నట్టే ఉందండి, ఒక్క ట్రాక్ పాడి పెట్టండి, ఎలాగూ చెరిపేసేదే" అన్నాడు.

కుదరదన్నాను. తర్వాత ఎప్పుడు అని అడిగాను. కుదరదన్న మనిషి ఎప్పుడు అని ఎందుకు అడుగుతుంది? నాకు అర్థం కాలేదు, అతనికి అర్థమైంది.

నిన్న మధ్యాహ్నం ఆఫీసులో పన్ను నొప్పి అని చెప్పి స్టూడియోకి వెళ్ళాను. పాట మీద నాకు ఏ హక్కూ లేదని, ఎవరికీ చెప్పనని ఒక కాగితం మీద సంతకం పెట్టించుకున్నారు. నాలుగేళ్ళ తర్వాత హెడ్‌ఫోన్స్ పెట్టుకున్నాను. 'ఎత్తిన గొంతు దించనే దించను' అని పల్లవి. రెండో టేక్‌లోనే అయిపోయింది. బయటికొచ్చి క్యాబ్‌లో కూర్చుంటే ఒళ్ళంతా తేలిగ్గా ఉంది. నీకు సాయం చేశానని ఇంటిదాకా నాకు నేనే చెప్పుకుంటూ వచ్చాను. సాయమే అయితే నీకు చెప్పడానికి ఇంత భయం ఎందుకు?

రాజేందర్ అన్న గేటు దగ్గర నిలబడ్డాడు. ఇది మడిచి బీరువాలో పెడుతున్నాను. ఆయనకి వేరే ఉత్తరం ఇస్తాను. అందులో చెరువులో గుర్రపుడెక్క గురించీ, అత్తమ్మ మోకాళ్ళ గురించీ ఉంటుంది.

సౌజన్య

*

కోకాపేట,
జూలై 28.

ఒసేయ్ సౌజన్యా,

డాక్టర్ నాకు రోజుకి పది మాటలు మంజూరు చేశాడు. ఇవాళ ఆరు అయిపోయాయి, అందులో నాలుగు పెరుగన్నంలో వెంట్రుక గురించి. గొంతు ఎలా ఉందంటావా, పాత తలుపు తీసినట్టుంది. అయినా ఏదో ఒకటి ఉంది, సంతోషం. సెట్లోవాళ్ళకి జలుబని చెప్పాను.

పోయిన వారం పాట తీశారు. ఇక్కడే ఇంకా కడుతున్న టవర్ పైన, ముప్పై ఎనిమిదో అంతస్తు, చుట్టూ ఇనుప చువ్వలు. మేస్త్రీలు, కూలీలు పని ఆపి చూస్తున్నారు. నేను పాడేటప్పుడు కళ్ళు మూసుకుంటానని నీకు తెలుసు. ఇక్కడ కళ్ళు తెరవాలి, పెదాలు కదపాలి, గొంతు మాత్రం బయటికి రాకూడదు. స్పీకర్లలోంచి ట్రాక్ మొదలైంది. పాట అయిపోగానే అందరూ నా వైపు తిరిగి చప్పట్లు కొట్టారు. పోచమ్మ అని ఒక కూలీ ఆమె దగ్గరికొచ్చి, "ఎంత మంచిగ వాడినవ్ బిడ్డా, పానం లేచొచ్చింది" అని నా చెయ్యి పట్టుకుంది. నేను తల ఊపాను. ఎందుకు ఊపానో తెలియదు. పది మాటల్లో రెండు ఖర్చు పెట్టి 'నేను కాదు' అనొచ్చు కదా, అనలేదు.

ఆ గొంతు బాగుందే. పై స్వరానికి వెళ్ళేముందు చిన్నగా ఊపిరి పీలుస్తుంది, మెట్టు ఎక్కేముందు చీర కుచ్చిళ్ళు పట్టుకున్నట్టు. ఆ ఊపిరికి కూడా పెదాలు తెరవడం నేర్చుకున్నాను. మూడో రోజుకి పాడేది నేనేనేమో అని నాకే అనుమానం వచ్చింది. బాత్రూమ్‌లో అద్దం ముందు నిలబడి నోరు తెరిచాను. కుళాయి చప్పుడు తప్ప ఏమీ వినిపించలేదు. అసూయతో చచ్చిపోయాను, మళ్ళీ అదే పాట వినాలనిపించింది. రెండూ ఒకేసారి ఎలా ఉంటాయి?

ఎవరే ఆమె? సంగీత దర్శకుడిని అడిగితే, "ట్రాకే కదండి, ఎవరైతే ఏంటి" అన్నాడు. నీకు ఊళ్ళో పాడేవాళ్ళందరూ తెలుసు. నీకు తెలిస్తే రాయి. తెలియకపోతే తెలియదని రాయి.

స్రవంతి

*

ప్రగతి నగర్,
ఆగస్టు 3.

స్రవంతీ,

నాకేం తెలుసు? చెన్నై నుంచి వచ్చిన అమ్మాయి ఎవరైనా కావచ్చు. ట్రాక్‌లు పాడుకుంటూ బతికేవాళ్ళు ఎంతోమంది ఉంటారు. పైగా ఇప్పుడు కంప్యూటర్‌తోనే గొంతులు తయారు చేస్తున్నారట, మా ఆఫీసులో కూడా దాని మీదే ఏదో ప్రాజెక్టు నడుస్తోంది. అది మనిషే కాకపోవచ్చు. నువ్వు ఆ గొంతు గురించి ఆలోచించడం మానేయి. చెరిపేసేదే కదా.

అక్టోబర్‌కి నీ గొంతు వస్తుంది. ఒకవేళ ఆలస్యమైతే వాళ్ళని ఇంకో నెల ఆగమను, ఒప్పందం ఉంది కదా. గట్టిగా అడుగు. అంటే, రాసి చూపించు.

అత్తమ్మ మోకాళ్ళకి కొత్త తైలం తెచ్చాం. ఇల్లంతా అదే వాసన.

సౌజన్య

*

కోకాపేట,
అక్టోబర్ 19.

సౌజన్యా,

మొన్న రికార్డింగ్‌కి పిలిచారు. ఆరు నెలలు నిండాయి, కాయలు తగ్గాయన్నాడు డాక్టర్. దర్గాకి వెళ్ళాను, పెద్దమ్మ గుడికి వెళ్ళాను, అన్నిచోట్లా ఒకటే అడిగాను. మైకు ముందు నిలబడ్డాను. మొదటి లైను వచ్చింది. పల్లవిలో 'ఎత్తిన' దగ్గర గొంతు రెండుగా చీలింది. మళ్ళీ పాడాను, మళ్ళీ చీలింది. పదకొండుసార్లు. అద్దం అవతల సంగీత దర్శకుడు ముందు గడియారం చూసుకున్నాడు, తర్వాత నన్ను చూడడం మానేశాడు. చివరికి లోపలికొచ్చి, "ట్రాకే ఉంచేద్దాం అండి, చాలా బాగొచ్చింది, ఎవరికి తెలుస్తుంది?" అన్నాడు.

నాకు తెలుస్తుంది కదా అన్నాను. నా ఈ కొత్త గొంతుతో అన్నాను, అతనికి సరిగా వినపడలేదు. ఆదర్శ్ వచ్చి, "మీరే పాడారని పోస్టర్ల మీద వేసేశాం మేడమ్, ఇప్పుడు మార్చలేం. ట్రాక్ పాడినావిడ ఎవరికీ చెప్పనని సంతకం పెట్టారు, ఏం ఫికర్ లేదు" అన్నాడు.

ఆవిడ సంతకం పెట్టిందట సౌజన్యా.

జూలైలో స్పీకర్ నుంచి మొదటి ఊపిరి వినపడగానే నాకు తెలుసు. నాలుగేళ్ళు నా ఎడమ చెవి పక్కన ఆ ఊపిరి విన్నాను. ప్రపంచంలో ఎవరి గొంతైనా మరిచిపోతాను గానీ దాన్ని మరిచిపోతానా? అడిగి చూద్దాం, చెప్తుంది అనుకున్నాను. అందుకే తెలిస్తే రాయి, తెలియకపోతే తెలియదని రాయి అన్నాను. నువ్వు చెన్నై అమ్మాయి అన్నావు. కంప్యూటర్ అన్నావు. ఆ ఉత్తరం పట్టుకుని చాలాసేపు నవ్వాను, తర్వాత నవ్వు కాదు అది.

నాకు కోపం దేనికో కూడా సరిగా తెలియడం లేదు. నువ్వు పాడినందుకా? దాచినందుకా? నాకంటే బాగా పాడినందుకా? నా నోట్లోంచి నీ గొంతు వస్తుంటే నేను రోజంతా పెదాలు కదిపాను. నీకు ఒక్కసారైనా నవ్వు రాలేదా?

నిజం రాయి. ఈసారి మోకాళ్ళ తైలం గురించి రాస్తే రాజేందర్ చేతే తిప్పి పంపిస్తాను.

స్రవంతి

*

ప్రగతి నగర్,
అక్టోబర్ 22.

స్రవంతీ,

దీంతోపాటు ఒక పాత ఉత్తరం పెడుతున్నాను. జూన్‌లో రాసి, పంపకుండా బీరువాలో పెట్టింది. అది ముందు చదువు. నేను మొదటి రోజే చెప్పాలనుకున్నానని దానికంటే సాక్ష్యం నా దగ్గర లేదు. చెప్పలేదనడానికి కూడా సాక్ష్యం అదే.

ఇక అందులో లేనిది రాస్తాను. గుట్ట మొదలైన కొత్తలో మధ్య మైకు ముందు నిలబడింది నేను. గోపన్‌పల్లి బండల మధ్య, వాటిని ఇంకా పేల్చకముందు, మొదటి పాట పాడింది నేను. నువ్వు నా పక్కన రెండో గొంతు పాడేదానివి. గచ్చిబౌలిలో మన మొదటి షో రోజు నాకు జ్వరమని చెప్పి నిన్ను మధ్యకి తోశాను, గుర్తుందా? జ్వరం లేదు. ముందు రోజు మా నాన్న ఫోన్ చేసి, పబ్బులో పాడితే సంబంధాలు రావన్నాడు. పక్కన నిలబడితే పాడినట్టు లెక్కలోకి రాదులే అనుకున్నాను. ఆ రోజు నువ్వు పాడిన పాటకి జనం కుర్చీలెక్కారు. నేనూ సంతోషించాను. నిజంగానే సంతోషించాను. కానీ ఆ మైకు మళ్ళీ నాకు రాలేదు, నేను అడగనూ లేదు, నువ్వు ఇస్తాననీ అనలేదు.

జూన్‌లో నీ గొంతు పోయిందని రాశావు కదా. ఆ వాక్యం చదివినప్పుడు, ఒక్క క్షణం, ఒకే ఒక్క క్షణం, నాకు సంతోషమేసింది. తర్వాత ఏడ్చాను. కానీ ముందొచ్చింది సంతోషమే. నేను దాచింది ట్రాక్ కాదు స్రవంతీ, ఆ క్షణం. ట్రాక్ గురించి చెప్తే అది కూడా బయటపడుతుందని భయం వేసింది. నన్ను ఏమన్నా పడతాను.

ఒక్కటి మాత్రం అడుగుతున్నాను. నా పేరు ఎక్కడా చెప్పకు. ఆఫీసులో పన్ను నొప్పని చెప్పి వెళ్ళాను, ఇంకోచోట పని చేసినట్టు తెలిస్తే మావాళ్ళు ఊరుకోరు. ఇంట్లోనూ తెలియదు. పాట నీదే అనుకో. నీ ముఖంతోనే బాగుంటుంది.

సౌజన్య

*

కోకాపేట,
డిసెంబర్ 14.

సౌజన్యా,

రెండు నెలలు రాయలేదు. రాయాలని కూర్చుంటే ఆ ఒక్క క్షణం దగ్గరే ఆగిపోయేదాన్ని. నిన్ను తిట్టాలని మొదలుపెట్టి, నీ చోట నేనుంటే నాకూ అలాగే అనిపించేదేమో అని కాగితం చించేసేదాన్ని. మైకు నీకు తిరిగి ఇస్తానని నేను ఒక్కసారీ అనలేదు, అది నిజం. నాకు ఆ ఆలోచనే రాలేదు, అది ఇంకా నిజం.

నిన్న సాయంత్రం జరిగింది నీకు ఈపాటికి ఎవరో ఒకరు ఫోన్‌లో చూపించి ఉంటారు. మాదాపూర్‌లో పాటల వేడుక. అందరూ రాస్తున్నారు, స్రవంతి ధైర్యం, స్రవంతి నిజాయితీ అని. నీకు అసలు జరిగింది చెప్తాను, ధైర్యం కాదు, చట్టుబండలు కాదు.

ముందు అనుకున్నదేమిటంటే, వెనక నీ పాట వేస్తారు, నేను మైకు పట్టుకుని పెదాలు కదపాలి. ఒప్పుకున్నాను. అవును, ఒప్పుకున్నాను. రాక్ పాడేదాన్ని, స్టేజీల మీద అలా చేసేవాళ్ళని ఎన్నిసార్లు వెక్కిరించానో నీకు తెలుసు. అయినా రెండో సినిమా మాటల్లో ఉంది, తల ఊపాను. ఈమధ్య తల ఊపడం నాకు బాగా అలవాటైంది.

పాట మొదలైంది. రెండు చరణాలు ఎక్కడా తప్పు లేకుండా కదిపాను. చివరి పల్లవి దగ్గర స్టేజీ మీద యంత్రంతో పొగ వదిలారు. దగ్గొచ్చింది. ఎనిమిది నెలలు మింగిన దగ్గంతా ఒకేసారి వచ్చింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, వంగి దగ్గుతున్నాను. పాట మాత్రం ఆగలేదు. 'ఎత్తిన గొంతు దించనే దించను' అని నా తల మీద నుంచి హాయిగా పోతోంది. రెండు వేల మంది చూశారు. ముందు నవ్వులు, తర్వాత ఈలలు. ఎవరో పాట ఆపేశారు.

ఏదో ఒకటి చెప్పాలి. ఆదర్శ్ కింద నుంచి 'టెక్నికల్ ప్రాబ్లమ్ అనండి' అని సైగలు చేస్తున్నాడు. ఆ మాటే చెబుదామని నోరు తెరిచాను. ఒట్టు. కానీ నా ఈ బొంగురు గొంతు హాలంతా వినపడగానే నేనే ఉలిక్కిపడ్డాను. అబద్ధం చెప్పడానికి కూడా ఒక గొంతు ఉండాలి కదా. "గిది నా గొంతు కాదు," అన్నాను. "నా గొంతు పోయింది. పాడింది నా దోస్తు సౌజన్య. మా బ్యాండ్ మొదలుపెట్టింది గూడ ఆమెనే." అంతే అని దిగిపోయాను.

నువ్వు చెప్పొద్దన్నావు. గుర్తుంది. మైకు పట్టుకుని ఉండగానే గుర్తొచ్చింది, కానీ అప్పటికి నీ పేరు బయటికొచ్చేసింది. రెండో సినిమావాళ్ళు ఇవాళ పొద్దున్నే వద్దన్నారు. నా ఫోన్ నాకు తిరిగిచ్చేశారు, ఇక నా పేరుతో గుండెలు పంపే ఓపిక ఆదర్శ్‌కి లేదు. ఫోన్ ఉన్నా ఉత్తరమే రాస్తున్నాను. నువ్వు ఫోన్‌లో ఏమంటావో వినడానికి భయంగా ఉంది.

స్రవంతి

*

ప్రగతి నగర్,
డిసెంబర్ 16.

నన్ను అడగకుండా నా పేరు చెప్పావు. దగ్గు నీది, పేరు నాది.

ఇవాళ మా మేనేజర్ హర్షిణి హెచ్.ఆర్. వాళ్ళతో కలిపి నన్ను గదిలో కూర్చోబెట్టింది. రెండో ఉద్యోగం చేస్తున్నారా, ఎన్నాళ్ళ నుంచి, ఏ పని అని అడిగారు. ఒక మధ్యాహ్నం పాట పాడానని చెప్పాను. దాన్ని ఏ గడిలో రాయాలో వాళ్ళకి తెలియలేదు. పన్ను నొప్పి సెలవుకి సంజాయిషీ రాసిమ్మన్నారు. శివశంకర్ కోప్పడలేదు, మూడుసార్లు "నువ్వేనా?" అన్నాడు. అత్తమ్మ నిన్నటి నుంచి ఏమీ మాట్లాడలేదు, అదే ఎక్కువ భయంగా ఉంది.

నీ మీద కోపంగా ఉంది. వీడియో తొమ్మిదిసార్లు చూశాను. రెండూ ఒకేసారి ఎలా ఉంటాయని అప్పుడు నన్ను అడిగావు. నాకూ తెలియదు.

కొన్నాళ్ళు రాయకు.

సౌజన్య

*

ప్రగతి నగర్,
ఫిబ్రవరి 8.

స్రవంతీ,

రాయొద్దన్నాను కాబట్టి నువ్వు రాయలేదు. నా మాట నువ్వు విన్నది ఇదే మొదటిసారి.

నిన్న సినిమాకి వెళ్ళాం. అత్తమ్మే బయల్దేరదీసింది. రెండు నెలలుగా ఆ ఊసు ఎత్తని మనిషి, పొద్దున్నే పట్టుచీర కట్టుకుని హాల్లో కూర్చుని, "ఏం పాపా, టికెట్టు తీసినావా లేదా?" అంది. ధర్మవరం నుంచి వాళ్ళ అక్కని కూడా రప్పించింది. అంతకుముందే ఫోన్‌లో ఆవిడకి చెప్తుంటే విన్నాను, "మా కోడలు సినిమాలో పాడింది, మాకు చెప్పలే. మేమేమన్నా వద్దంటామా? అడిగితే గదా!" అని. నాలుగేళ్ళుగా నేను భయపడింది ఎవరికో నాకిప్పుడు తెలియడం లేదు.

సినిమాలో నువ్వు బాగున్నావు. నీ ముఖంలో నా గొంతు విని సీటు చేతులు గట్టిగా పట్టుకుని కూర్చున్నాను. ఆ ఊపిరి దగ్గర నీ పెదాలు సరిగ్గా తెరుచుకున్నాయి. ఇంత శ్రద్ధగా నా పాట ఇంతవరకూ ఎవరూ వినలేదు స్రవంతీ, నేను కూడా వినలేదు.

సినిమా అయిపోయింది. పేర్లు మొదలయ్యాయి. జనం లేచారు. మా అత్తమ్మ ఆ మోకాళ్ళతోనే లేచి, వరుసకి అడ్డంగా చేతులు చాపి నిలబడింది. "కుచ్చోండప్పా! మా కోడలి పేరొస్తాది, చూసి పోదురు!" అంది. శివశంకర్ తల దించుకున్నాడు. వరుసంతా నవ్వుతూ కూర్చుంది. పాపం, పాప్‌కార్న్ డబ్బాలు ఏరుతున్న ఆయన కూడా ఆగిపోయాడు.

నా పేరు ఉంటుందని అప్పటికి నాకు నమ్మకం లేదు. అసలు సంగతి ఇవాళ పొద్దున గేటు దగ్గర రాజేందర్ అన్న ఆపి చెప్పాడు. "మేడం నాలుగు దినాలు ఆఫీసుల కుర్సీ ఏసుకుని కూసున్నది. మాట లేదు, ముచ్చట లేదు. పేరు ఏస్తెనే లేస్త అని కాయితం మీద రాసి బల్ల మీద వెట్టింది. ఎంత చెప్పినా లేస్తదా? ఆఖరికి వాళ్ళే పరేషాన్ అయ్యి ఏసిన్రు" అన్నాడు. ఆ నాలుగు రోజుల గురించి నువ్వు నాకు ఒక్క ముక్క రాయలేదు. రాయొద్దని నేనే అన్నాను కదా.

నీ పేరు వచ్చింది, తెర మీద స్రవంతి. దాని కిందే, గానం సౌజన్య. రెండు సెకన్లు ఉండి పైకి వెళ్ళిపోయింది. అత్తమ్మ "ఏదీ, ఏదీ?" అంటుండగానే పోయింది.

అప్పుడు వెనక చివరి వరుస నుంచి ఈల వినపడింది. రెండు వేళ్ళ ఈల. హాలంతా దద్దరిల్లింది.

నేను వెనక్కి తిరగలేదు. తిరిగితే అందరి ముందూ ఏడ్చేదాన్ని. కోపం పోయిందో లేదో ఇప్పటికీ చెప్పలేను, కాస్త ఉన్నట్టే ఉంది. కానీ అత్తమ్మ దారి పొడుగునా అడుగుతూనే ఉంది, ఆ ఈల వేసిన పిల్ల ఎవరు, మన ఇంటికి భోజనానికి వస్తుందా అని.

ఆదివారం రా. మాట్లాడకపోయినా ఫర్వాలేదు, గేటు దగ్గర ఈల వేయి.

సౌజన్య